జనాభా లెక్కల షీట్ల నుంచి ఒక అమెరికన్ వీధి చరిత్ర రాయడం

అమెరికాలో సామాన్యుల బతుకు గురించి రాయాలంటే ఊరంతా పట్టుకోకండి. ఒక వీధి, ఓ యాభై ఇళ్లు చాలు. మొదటి ఆధారం పదేళ్లకోసారి తీసే జనాభా లెక్కల అసలు షీట్లు. పేర్లున్న షీట్లను 72 ఏళ్లు గడిచాకే బయటపెడతారు. 1950వి 2022 ఏప్రిల్ 1న వచ్చాయి.

1900, 1910, 1920తో మొదలుపెట్టండి. 1890 షీట్లు 1921 అగ్నిప్రమాదం వల్ల దాదాపు అన్నీ పోయాయి. 1880కీ 1900కీ మధ్య ఖాళీని సిటీ డైరెక్టరీలతో, అంటే ఊళ్లోవాళ్ల పేర్లు, చిరునామాలు, వృత్తులు అచ్చువేసిన పుస్తకాలతో పూడ్చుకోవాలి.

స్ప్రెడ్‌షీట్‌లో మనిషికో వరుస ఇవ్వండి. పేరు షీటులో ఎలా ఉంటే అలాగే ఎక్కించి, సరిదిద్దిన రూపానికి వేరే గడి పెట్టండి. గణకుడు, అంటే ఇంటింటికీ తిరిగి లెక్క రాసేవాడు, చెవికి వినబడినట్టు రాసుకునేవాడు కాబట్టి ఒకే కుటుంబం మూడు లెక్కల్లో మూడు స్పెల్లింగులతో కనిపిస్తుంది. వయసులూ అంతే, ఒక్కోసారి పక్కింటివాళ్లు చెప్పినవి. జవాబు ఎవరిచ్చారో తెలిసేది 1940లోనే, ఆ పేరు పక్కన సున్నా చుట్టిన ఇంటూ గుర్తు ఉంటుంది.

ఎక్కువమంది పొరబడేది ఆడవాళ్ల పని దగ్గర. వృత్తి గడి ఖాళీగా ఉందని ఆమెకు సంపాదన లేదనుకోవద్దు. అదే ఇంట్లో నలుగురు బోర్డర్లు (డబ్బిచ్చి అక్కడే ఉండి తినేవాళ్లు) ఉంటే వాళ్లకు వండిపెట్టి, బట్టలుతికి డబ్బు తెచ్చింది చాలావరకు ఆమే. 1900, 1910లలో తల్లులను ఎంతమందిని కన్నారు, ఎంతమంది బతికున్నారు అని అడిగారు. ఆ రెండు అంకెల తేడాను తప్పకుండా లెక్కకట్టండి. వీధి గురించి ఇంత చెప్పే గడి ఇంకోటి లేదు.

నల్లజాతి కుటుంబాలను వెనక్కి వెతుకుతూ పోతే చాలావరకు దారి 1870 దగ్గర తెగుతుంది. 1850, 1860లలో బానిసలను యజమాని పేరు కింద వయసు, లింగం, రంగుతో రాశారు, సొంత పేర్లు దాదాపు ఉండవు. అక్కడి నుంచి వీలునామాలు, ఆస్తి జాబితాలు, అమ్మకం పత్రాలే దిక్కు. 1920 నుంచి 1940 దాకా భారతీయులను జాతి గడిలో 'హిందూ' అన్నారు. కాలిఫోర్నియాలోని పంజాబీ సిక్కులకూ అదే ముద్ర, దాన్ని మతంగా చదవొద్దు.

తర్వాత శాన్‌బోర్న్ అగ్నిబీమా మ్యాపులు తీయండి, బీమా కంపెనీల కోసం ఒక్కో కట్టడాన్నీ చూపిస్తూ గీసినవి. వాటిలో గులాబీ రంగు ఇటుక కట్టడం, పసుపు చెక్క ఇల్లు. పాత పత్రికలు లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ వారి 'క్రానిక్లింగ్ అమెరికా'లో ఉచితం. స్కాన్ చేసిన పేజీల్లో అక్షరాలను కంప్యూటరు తప్పుగా చదువుతుంది, పేరుతో దొరకకపోతే ఇంటి నంబరు, వీధి పేరుతో వెతకండి.

1910లో ఉన్న కుటుంబం 1920లో కనిపించకపోతే ఊరు విడిచిందని వెంటనే రాయకండి. గణకుడు ఆ ఇల్లు వదిలేసి ఉండవచ్చు. ఆ ఏటి డైరెక్టరీ చూశాకే ఆ వాక్యం రాయండి.