ఇటుక గోడల లెక్కలు, 6వ పాఠం: త్రికోణం పట్టని చోట లింటెల్

పోయిన పాఠం తర్వాత మీరు పంపిన లెక్కలన్నీ చూశాను. కూడికలు, గుణకారాలు సరిగ్గానే ఉన్నాయి. తప్పు అంతకు ముందే జరిగింది. లింటెల్ (కిటికీ, తలుపు పైన గోడను మోసే కాంక్రీటు దూలం) మీద, దాని పొడవే అడుగుగా ఉన్న సమబాహు త్రికోణమంత ఇటుక బరువే పడుతుందని చెప్పాను కదా, ఆ త్రికోణం కొన స్లాబు కిందే ఆగుతోందా లేదా అని ఎవరూ చూడలేదు. చూడమని నేను గట్టిగా చెప్పాల్సింది.

విశాఖ మధురవాడలో ఒక మామూలు ఇల్లు అనుకోండి. పిల్లర్లు లేవు, 9 అంగుళాల గోడల మీదే స్లాబు. లింటెల్ అడుగు 2.1 మీటర్ల ఎత్తున, స్లాబు అడుగు 3 మీటర్ల దగ్గర. లింటెల్ మందం 150 మి.మీ. పోగా పైన మిగిలే ఇటుక 75 సెం.మీ. మాత్రమే. కిటికీ వెడల్పు 1.2 మీటర్లయితే లెక్కకు వచ్చే స్పాన్ (వెడల్పుకు లింటెల్ పైనుంచి కింది చువ్వల దాకా లోతు కలిపితే వచ్చే పొడవు) 1.31 మీటర్లు, దాని త్రికోణం ఎత్తు 0.866 రెట్లు, అంటే 1.13 మీటర్లు. 75 సెం.మీ. గోడలో అది పట్టదు. కొన స్లాబును దాటిపోయింది కాబట్టి స్లాబు బరువు కూడా లింటెల్‌దే.

త్రికోణంతో మీకు వచ్చినది, సొంత బరువుతో కలిపి, సుమారు 455 కిలోలు. గది 12 అడుగులదైతే స్లాబు నుంచే మీటరుకు దాదాపు 1100 కిలోలు వస్తాయి. పైన గోడ మీటరుకు 345, లింటెల్ 86. మొత్తం స్పాన్ మీద 2000 కిలోలు! మూమెంట్ (లింటెల్‌ను వంచే ప్రభావం) మూడున్నర రెట్లయింది.

అయినా ఈ కిటికీకి రెండు 10 మి.మీ. చువ్వలు సరిపోతాయి. అందుకే తప్పు బయటపడదు. అదే 1.8 మీటర్ల హాలు కిటికీకి ఎం25 కాంక్రీటుతో (ఎం తర్వాతి అంకె కాంక్రీటు బలం గ్రేడు) 150 మి.మీ. మందం చాలదు, కింద ఎన్ని చువ్వలు వేసినా సరే. నేనైతే మందం 230 చేసి రెండు 12 మి.మీ. చువ్వలు వేస్తాను. పిల్లర్లు, బీములున్న ఫ్లాట్లలో స్లాబు బరువు బీముకు పోతుంది, ఈ గొడవ లేదు. కిటికీ గోడ మూలకు బాగా దగ్గరగా ఉంటే మాత్రం త్రికోణాన్ని నమ్మకండి.

ఇక సన్‌షేడ్. ఇక్కడ ప్రతి సైటులోనూ నాకు కోపం వస్తుంది. లింటెల్‌లో ముఖ్యమైన చువ్వలు కింద ఉండాలి, సన్‌షేడ్‌లో పైన ఉండాలి. గోడ బయటికి వేలాడే పలక పైభాగమే సాగుతుంది కాబట్టి. కట్టేటప్పుడు చువ్వలు పైనే ఉంటాయి. కాంక్రీటు పోసేవాళ్లు వాటి మీద నడుస్తారు, 75 మి.మీ. పలకలో అవి అడుగుకు జారిపోతాయి. పైకి ఏమీ కనిపించదు. సెంట్రింగ్ తీశాక గోడ అంచున పగులు వస్తుంది. కింద కుర్చీ చువ్వలు (పై చువ్వలను ఎత్తి పట్టే వంచిన చిన్న చువ్వలు) పెట్టించండి, పోసేటప్పుడు దగ్గరే నిలబడండి. పైన గోడ కట్టకముందు ఊతకర్రలు తీయనివ్వకండి. ఆ గోడ బరువే సన్‌షేడ్ తిరగబడకుండా పట్టుకుంటుంది.

బీచ్ రోడ్డు వైపు ఇల్లయితే ఐఎస్ 456 (కాంక్రీటు కట్టడాల భారతీయ ప్రమాణం) ప్రకారం కవర్, అంటే చువ్వను కప్పే కాంక్రీటు పొర, 45 మి.మీ., కాంక్రీటు ఎం30. ఉప్పుగాలికి చువ్వ తుప్పుపట్టి ఉబ్బితే లింటెల్ అడుగే ముందు రాలుతుంది.

అభ్యాసం: మీ ఇంట్లోని ప్రతి కిటికీకి, తలుపుకి పైన ఉన్న ఇటుక ఎత్తు టేపుతో కొలవండి. ఏ లింటెల్‌కు త్రికోణం పడుతుందో, దేనికి పట్టదో రాసి, పట్టని వాటన్నిటికీ (బీచ్ వైపు ఇల్లయితే 45 మి.మీ. కవర్‌తో) మందం, చువ్వలు మళ్లీ లెక్కకట్టి పంపండి.