కాలమేస్త్రీల సంఘంలో చేరాలంటే: దరఖాస్తు విధానం, కావాల్సిన కాగితాలు

ముందే చెప్పేస్తున్నా, ఈ సంఘం మీసేవ లిస్టులో దొరకదు. ఇది కల్పించిన సంఘం. ఇటుక, ఇసుకతో పాటు కాలాన్ని కూడా సామానుగా వాడి ఇళ్లు కట్టేవాళ్లదన్నమాట. ఆఫీసు ఉదయగిరిలో, కొండ కింద, కొయ్య గరిటెలు చెక్కేవాళ్ల ఇళ్ల పక్కన ఉందనుకోండి. అక్కడే ఎందుకంటే, ఆ కోట కోసం కృష్ణదేవరాయలంతటివాడు ఏడాదికి పైగా కాచుకుని కూర్చున్నాడు. 1514లో గానీ చేతికి రాలేదు. ఓపికకు నెల్లూరు జిల్లాలో అంతకన్నా మంచి అడ్రస్ లేదని పెద్దమేస్త్రుల లెక్క.

ఎవరు చేరొచ్చు

బీఆర్క్ చదివినవాళ్లూ రావచ్చు, తాపీ పట్టినవాళ్లూ రావచ్చు. ఒక్క సంగతి గుర్తుంచుకోండి. 1972 నాటి ఆర్కిటెక్ట్స్ చట్టం ప్రకారం కౌన్సిల్ ఆఫ్ ఆర్కిటెక్చర్‌లో రిజిస్టర్ కానివాళ్లు ‘ఆర్కిటెక్ట్’ అని పెట్టుకోకూడదు. అందుకే సంఘం కార్డు మీద ‘కాలమేస్త్రి’ అనే ఉంటుంది. దాన్ని చూపించి ప్లాన్ పాస్ చేయించుకోవచ్చా అని అడగొద్దు, కుదరదు.

వయసుతో పని లేదు. ఏదో ఒక పనిని ఆరు నెలలు కనిపెట్టుకుని ఉన్న అనుభవం మాత్రం చూపించాలి. నెల్లూరు మొలగొలుకులు పండించిన రైతులకు ఈ కాలమ్ నింపే పనే లేదు. ఆ వడ్లు చేతికి రావడానికి ఎటూ దాదాపు అంతకాలం పడుతుంది కాబట్టి నేరుగా సంతకం పెట్టేయొచ్చు.

కాగితాలు

ఆధార్ జిరాక్స్ ఒకటి. జిల్లా దగ్గర చాలామంది తడబడుతున్నారు, ముఖ్యంగా కందుకూరు వాళ్లు. 1970లో కొత్త ఒంగోలు జిల్లాలోకి వెళ్లారు, 2022లో మళ్లీ నెల్లూరులోకి వచ్చారు. మీరు పుట్టిన రోజున ఏ జిల్లా ఉందో అదే రాయండి. ఊరు కదల్లేదని సంఘానికి తెలుసు.

రెండోది, మీరు పుట్టకముందు కట్టి ఇంకా వాడుకలో ఉన్న దేనిదైనా ఫొటో. కాలం దాన్ని ఏం చేసిందో వెనకాల రెండు వాక్యాలు రాయాలి. సెల్ఫీ పనికిరాదు. అందరూ కంభం చెరువే పెడుతున్నారు. విజయనగర రాజుల నాటి కట్ట, ఇప్పటికీ నీళ్లిస్తోంది, 2020లో ప్రపంచ వారసత్వ సాగునీటి కట్టడాల జాబితాలో కూడా చేరింది, కాదనం. కానీ చూసి చూసి ఆఫీసువాళ్లకు విసుగొచ్చింది. మా వీధిలో ఒక పెద్దావిడ తన ఇంటి గడప ఫొటో ఇచ్చింది. మధ్యలో అరచేయి పట్టేంత గుంట. వెనకాల ‘నలుగురు కోడళ్లు తొక్కింది’ అని రాసింది. ఆ రోజే పాసైంది.

చీమకుర్తి గ్రానైట్ ముక్క పట్టుకుని వెళ్లొద్దు. భూమి పడిన కష్టాన్ని మీ ఖాతాలో వేసుకోనివ్వరు. మీ ప్లాను మాత్రం మార్కాపురం పలక మీద గీయాలి. చెరిపి మళ్లీ గీయమంటారు కదా, అందుకు.

ఫీజు లేదు, తత్కాలూ లేదు.

గోడ పరీక్ష

అసలు కథ ఇక్కడే. సున్నం గుంటలో మాగబెట్టి, ఇసుక వేసి గానుగలో తిప్పి, కరక్కాయ, బెల్లం నానిన నీళ్లు కలిపితే డంగుసున్నం. దాన్ని గోడ మీద మూరెడు మేర పూసి చూపించాలి. సిమెంటుకైతే 28 రోజులకు బలం చూస్తారు. సున్నం అట్లా లెక్కకు లొంగదు. గాలిలోని బొగ్గుపులుసు వాయువును పీల్చుకుంటూ పైనుంచి లోపలికి మెల్లగా మళ్లీ రాయిగా మారుతుంది. ఈలోగా ఎండకు ఎండిపోకుండా తడి గోనెసంచులు కప్పి కాపాడుకోవాలి.

నేను మొదటిసారి తప్పాను. మూడు పూతలకు ఓపిక లేక ఒకేసారి మందంగా మెత్తేశాను. ఇరవై రోజులకే రమ్మని కబురు పెట్టాను కూడా. పెద్దమేస్త్రి వచ్చి గోటితో గీశాడు. పైన పెళ్లలాగా రాలింది, లోపల ఇంకా వెన్న.

‘ఏందబ్బాయ్, దోసె అనుకున్నావా, తిరగేస్తే కాలడానికి?’ అన్నాడు.

దరఖాస్తు కొట్టేయలేదు. మళ్లీ ఫారం నింపక్కర్లేదు, అదే గోడ గీకి పల్చగా వేసుకోమన్నాడు. రెండో పూతకూ మూడో పూతకూ మధ్య ఎన్ని రోజులని అడిగితే, ‘గోడనడుగు’ అన్నాడు. అప్పట్లో కోపమొచ్చింది.

స్టేటస్ చూసుకోవడానికి నంబరేమీ ఇవ్వరు. గోడ దగ్గరికెళ్లి గీసి చూసుకోవడమే. ఏమైనా అడగాలనుకుంటే పొద్దున పది తర్వాత ఆఫీసుకు వెళ్లండి. మధ్యాహ్నం వద్దు. అప్పుడందరూ గోడలు తడుపుతుంటారు, మీ చేతికీ ఒక చెంబు ఇస్తారు.