మగ్గం గదిని ఉన్న వెలుతురుతోనే చిత్రీకరించడం: అల్మెంద్రోస్ చూపిన దారి

ఒడిశాలోని బరంపురంలో పట్టు నేసే తెలుగు కుటుంబాల పనితనాన్ని వీడియోగా భద్రపరచాలనుకునేవారు గదిలోకి అడుగుపెట్టగానే ఎల్‌ఈడీ లైట్లు వెలిగిస్తారు; దానితో పట్టు మెరుపు, గోడల నీడ, మనిషి ముఖం అన్నీ ఒకే తెలుపులో కలిసిపోతాయి. ఆ తప్పు జరగకూడదంటే సినిమా ఛాయాగ్రాహకుడు నెస్తోర్ అల్మెంద్రోస్ పనిని శ్రద్ధగా చదువుకోవాలని నా గట్టి అభిప్రాయం.

1930లో బార్సెలోనాలో పుట్టి, 1948లో క్యూబా చేరిన ఆయన, విప్లవం తర్వాత అక్కడి ప్రభుత్వ చలనచిత్ర సంస్థలో డాక్యుమెంటరీలు తీశారు. తన లఘుచిత్రాలు రెండు నిషేధానికి గురికావడంతో పారిస్ వెళ్లి, దర్శకులు ఎరిక్ రోమర్‌కు, ఫ్రాన్స్వా త్రూఫోకు ఛాయాగ్రాహకుడయ్యారు. 'డేస్ ఆఫ్ హెవెన్' (1978) ఆయనకు ఆస్కార్ తెచ్చింది. తెరమీద కనిపించే ప్రతి వెలుతురుకూ ఆ చోటులోనే ఒక కారణం ఉండాలన్నది ఆయన నియమం.

కాబట్టి ముందు ట్యూబ్‌లైటు ఆర్పి, కళ్లు ఆ మసకకు అలవాటుపడేదాకా ఆగండి. గదికి ఒక్క కిటికీయే ఉన్నా ఫరవాలేదు. కెమెరాను కిటికీకి ఎదురుగా కాక, వెలుతురు మగ్గం మీద అడ్డంగా పడేటట్టు పక్కన నిలిపితే, పడుగు పోగులు విడివిడిగా కనిపిస్తాయి, అడ్డపోగును దాటించే నాడెను ఆడించే చేతి నరాలు కూడా తేలుతాయి. ఫోనుతో తీస్తున్నా మాన్యువల్ పద్ధతిలోనే తీయండి: సెకనుకు 25 ఫ్రేములు, షట్టర్ వేగం 1/50 సెకను. మన కరెంటు 50 హెర్ట్జ్ కనుక, ఎక్కడైనా బల్బు వెలుగుతున్నా మినుకుమినుకుమనదు. వైట్ బ్యాలెన్స్‌ను (వెలుతురుకు తగ్గట్టు రంగులను సరిచేసే అమరికను) ఆటోలో వదిలితే నేతగాడు కదిలినప్పుడల్లా చీర రంగు మారిపోతుంది; నేసేవారికి రంగే ప్రాణం కనుక దాన్ని స్థిరపరచడం మరువకండి.

వెలుతురు చాలకపోతే అద్దం వాడండి. రోమర్‌తో పనిచేసిన తొలి రోజుల్లో అల్మెంద్రోస్ ఎండను అద్దాలతో గదిలోకి మళ్లించేవారు. బయట ఎండలో పెద్ద అద్దం పెట్టి, కిరణాన్ని కిటికీ గుండా లోపలి పైకప్పు మీదికి పంపాలి. నేరుగా ముఖం మీద పడితే కళ్లు చెదురుతాయి, నీడలు కరకుగా వస్తాయి. సూర్యుడు కదులుతూనే ఉంటాడు కనుక అద్దం దగ్గర ఒకరు ఉండి కొద్దికొద్దిగా తిప్పుతూ ఉండాలి. నీడ వైపున తెల్లని పంచె ఒకటి వేలాడదీస్తే ముఖంలో చీకటి భాగం మెత్తబడుతుంది. అంతకుమించి లైట్లు అక్కరలేదు.

రాత్రి దృశ్యమైతే లాంతరులోనే చిన్న బ్యాటరీ బల్బు అమర్చవచ్చు. 'డేస్ ఆఫ్ హెవెన్'లో లాంతర్లలో విద్యుత్ బల్బులు పెట్టి, తీగలను నటుల దుస్తుల కింద దాచారు.

ఆ చిత్రంలో చాలా భాగం సూర్యాస్తమయం తర్వాత మిగిలే సుమారు 25 నిమిషాల వెలుగులో తీశారు. గోపాల్‌పూర్ ఒడ్డున తెలుగు జాలరుల పడవలను అలా తీయాలంటే, అక్కడ సముద్రం తూర్పున ఉందని గుర్తుంచుకోండి: సాయంత్రం సముద్రం వైపు తిరిగి తీస్తే వెనుక పడమటి ఆకాశం నుంచి ముఖాలకు మెత్తని వెలుగు అందుతుంది, నల్లని ఆకృతులు కావాలంటే తెల్లవారుజామున అదే దిక్కుకు తీయాలి. ఆ చిత్రం తీసిన కెనడాతో పోలిస్తే మన దగ్గర సూర్యుడు నిటారుగా దిగుతాడు కనుక ఆ సమయం ఇంకా తక్కువ. అందుచేత మధ్యాహ్నమే అందరితో రిహార్సల్ ముగించి, దూరపు షాట్లు ముందు, ముఖాల షాట్లు తర్వాత అన్న క్రమాన్ని కాగితం మీద రాసి పెట్టుకోండి.