గైర్హాజరీ వల్ల కొట్టేసిన దావాను తిరిగి నడిపించుకోవడం: దరఖాస్తు విధానం

శ్రీకాకుళంలోని జిల్లా కోర్టులో గానీ, టెక్కలి, సోంపేట వంటి చోట్ల ఉన్న కోర్టుల్లో గానీ ఏళ్ల తరబడి నలుగుతున్న సివిల్ దావాను, వాయిదా నాడు వాది తరఫున ఎవరూ హాజరు కాలేదన్న కారణంతో కొట్టేస్తే, దాన్ని పునరుద్ధరించమని అదే కోర్టులో పిటిషన్ వేసుకోవచ్చు.

ముందుగా కాపీ అప్లికేషన్ పెట్టి ఉత్తర్వు నకలు తీసుకోవాలి. కేసు నంబరు గుర్తు లేనివారు ఈ-కోర్ట్స్ వెబ్‌సైటులో కక్షిదారు పేరుతో వెతకవచ్చు. ఉత్తర్వు చేతికి రాగానే, ఆ రోజు ప్రతివాది హాజరయ్యాడా లేదా అన్నది చూడాలి. ఇరుపక్షాలూ రాకపోతే అది సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 9, రూల్ 3 కిందికి వస్తుంది. అప్పుడు రూల్ 4 ప్రకారం పునరుద్ధరణ కోరవచ్చు, కాలపరిమితి మిగిలి ఉంటే కొత్త దావా అయినా వేసుకోవచ్చు. ప్రతివాది వచ్చి వాది ఒక్కడే రాకపోతే అది రూల్ 8. అదే వ్యాజ్య కారణంపై, అంటే దావాకు దారితీసిన అదే వివాదంపై, మళ్లీ దావా వేయడానికి వీల్లేదు కనుక, రూల్ 9 కింద పిటిషన్ వేయక తప్పదు.

గడువు 30 రోజులు. 1963 నాటి లిమిటేషన్ చట్టం 122వ అధికరణం ప్రకారం దీన్ని దావా కొట్టేసిన తేదీ నుంచి లెక్కిస్తారే తప్ప, ఆ సంగతి మనకు తెలిసిన తేదీ నుంచి కాదు. గుజరాత్‌లోని వేరావల్‌కు చేపల వేట బోట్ల మీద పనికి వెళ్లి నెలల తర్వాత ఊరు చేరేవారు పొరబడేది ఇక్కడే. గడువు దాటితే, ఆలస్యాన్ని మన్నించమని అదే చట్టం సెక్షన్ 5 కింద మరో పిటిషన్ జత చేయాలి.

అసలు బలం అఫిడవిట్‌లో ఉంటుంది. ‘ఒంట్లో బాగోక రాలేకపోయాను’ అని ఒక్క ముక్క రాసి ఊరుకుంటే చాలదు. ఏ తేదీన ఎక్కడ ఉన్నదీ వివరంగా చెప్పి, ఆసుపత్రి ఓపీ చీటీనో రైలు టికెట్టునో జతపరచాలి. తప్పు వకీలుదైతే ఆ మాటా దాచకుండా రాయాలి. వకీలు రాలేదని కక్షిదారును శిక్షించడం న్యాయం కాదని సుప్రీంకోర్టు 1981లో రఫీక్ కేసులో చెప్పింది. రూల్ 9 పిటిషన్‌పై ప్రతివాదికి నోటీసు అందాకే ఉత్తర్వు ఇస్తారు. ఖర్చులు కట్టమని షరతు పెట్టడమూ మామూలే.

మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పని లేకుండా జిల్లా న్యాయసేవాధికార సంస్థ ఉచితంగా వకీలును ఇస్తుంది. 15100 నంబరుకు ఫోన్ చేసి అడగవచ్చు.

రూల్ 9 పిటిషన్‌ను కోర్టు తోసిపుచ్చితే, ఆర్డర్ 43, రూల్ 1(సి) కింద పై కోర్టులో అప్పీలు చేసుకోవచ్చు.