కెమెరా పాఠాలు – 5: తల పైన ఎంత చోటు?

పోయిన పాఠంలో కిటికీ వెలుగులో ముఖం ఫొటో తీశాం. ఈసారి కూడా ఆ కిటికీ దగ్గరే ఉందాం. ముఖాన్ని ఫ్రేములో ఎక్కడ పెట్టాలన్నదే ఇవాళ్టి సంగతి.

మామూలుగా ఫ్రేమును అడ్డగీతలతో మూడు సమాన భాగాలు చేశామనుకుని, కళ్లు పై గీత మీదికి వచ్చేలా, తల పైన కాస్త చోటు వదిలి తీస్తాం. ఆ చోటును హెడ్‌రూమ్ అంటారు. అది ఎక్కువైతే తప్పని నేనూ చాలాకాలం చెప్పాను. పోలండ్ సినిమా ఛాయాగ్రాహకుడు వూకాష్ జాల్ పని చూశాక ఆ మాట మానేశాను.

జాల్ 1981లో కొషాలిన్‌లో పుట్టారు. వూచ్ ఫిల్మ్ స్కూల్లో చదివారు, డాక్యుమెంటరీలకు పనిచేశారు. పావెల్ పావ్లికోవ్‌స్కీ తీసిన ‘ఈడా’ (2013)లో ఆయన మొదట కెమెరా ఆపరేటర్ మాత్రమే. షూటింగ్ మొదలైన కొన్నాళ్లకే ఛాయాగ్రాహకుడు రిషార్డ్ లెంచెవ్‌స్కీకి ఒంట్లో బాగోలేక, బాధ్యతంతా జాల్ మీద పడింది. ఆయనకు అదే మొదటి కథాచిత్రం. ఎంత టెన్షన్ పడి ఉంటారో! చివరికి ఇద్దరికీ కలిపి ఆస్కార్ నామినేషన్ వచ్చింది.

కథ 1962 నాటి పోలండ్‌లో జరుగుతుంది. సన్యాసినిగా ప్రమాణం చేయబోతున్న అమ్మాయికి తాను యూదురాలినని తెలుస్తుంది. దాదాపు 4:3 కొలతలో (వెడల్పు నాలుగు పాళ్లు, ఎత్తు మూడు పాళ్లు), నలుపు తెలుపుల్లో ఉన్న ఫ్రేములో ఆమె ముఖం చాలాసార్లు అడుగున ఓ మూలకి ఉంటుంది. పైనంతా గోడ, లేదంటే ఆకాశం. కెమెరా దాదాపు కదలదు. కదిలితే మన చూపు దాని వెంటే పోయేది. కదలదు కాబట్టి మన చూపు మెల్లగా ఆ ఖాళీలోకి ఎక్కుతుంది. ఆ ఖాళీలో కొందరికి దేవుడు కనిపిస్తాడు. నాకు మాత్రం ఆ పిల్ల ఒంటరితనమే కనిపిస్తుంది.

ఇక మీ పని. ఫోన్‌ను 4:3కి మార్చి, నలుపు తెలుపు ఫిల్టర్ పెట్టండి. మనిషిని గోడకు రెండడుగుల ముందు కూర్చోబెట్టి, మీరు ఆరేడడుగుల దూరంలో ఉండండి. మొదటి ఫొటో మామూలు హెడ్‌రూమ్‌తో తీయండి. రెండోదానికి ఫోన్‌ను పైకి వంచకండి, వంచితే గోడ గీతలు వాలిపోతాయి. నిటారుగానే పట్టుకుని, ముఖం అడుగు మూడో వంతులోకి దిగేదాకా ఎత్తు పెంచండి. ఫోన్ తెరపై కనిపించే ముఖం మీద వేలు నొక్కి పట్టి వెలుతురు లాక్ చేయండి.

గోడ మరీ బోసిగా ఉంటే ఆ ఖాళీ పొరపాటులా కనిపిస్తుంది. పెచ్చులూడిన సున్నమో, కిటికీ నుంచి వాలే నీడో ఉన్న గోడ వెతకండి. నాకు ఇందుకే ఎక్కువ సమయం పడుతుంది.

వచ్చే పాఠానికి ఆ రెండు ఫొటోలూ దగ్గర పెట్టుకోండి. ‘కోల్డ్ వార్’ (2018) సినిమాలో ఇదే 4:3 ఫ్రేములో జాల్ కెమెరాను ఎలా కదిలించారో అప్పుడు చూద్దాం.