వెలుగు తగ్గింది సరే, గ్రహం ఎంత? (పరాయి గ్రహాల పాఠాలు – 3)

పోయిన పాఠం చివర ఒక ప్రశ్న వదిలాను. 1999 సెప్టెంబర్ 9 రాత్రి ఒక నక్షత్రం వెలుగు కాస్త తగ్గి మళ్లీ మామూలైంది. 16 రాత్రి మళ్లీ అదే జరిగింది. దాని చుట్టూ తిరిగే గ్రహానికి ఒక చుట్టుకు ఎన్ని రోజులు?

ఏడు అని రాసుకున్నవాళ్లు బాధపడకండి. చేతిలో ఆ రెండు తేదీలే ఉంటే ఎవరైనా అదే రాస్తారు. అసలు జవాబు మూడున్నర రోజులు, కచ్చితంగా చెప్పాలంటే 3.5247. రెండు చుట్లకు ఏడు రోజులూ, పైన గంటా పదకొండు నిమిషాలూ పడుతుంది. మధ్యలో ఒక ట్రాన్సిట్ (గ్రహం నక్షత్రం ముందు నుంచి దాటుతూ కొంత వెలుగును కప్పడం) ఉంది, కానీ అది పగటిపూట పడింది. ఒకే ఊరి నుంచి రాత్రిళ్లు మాత్రమే చూసేవాళ్లకు ఇది ఎప్పుడూ ఉండే బెడద. ఈ నక్షత్రం విషయంలో ఎవరూ మోసపోలేదు, ఎందుకంటే గ్రహం లాగుడుకు అది ముందుకీ వెనక్కీ ఊగే తీరును అప్పటికే కొలిచి, మూడున్నర రోజులని తేల్చేశారు. ఆ ఊగడం కథ నాలుగో పాఠంలో చూద్దాం.

నక్షత్రం పేరు హెచ్‌డీ 209458. మన పూర్వాభాద్రకు కొంచెం పడమరగా, దాదాపు 160 కాంతి సంవత్సరాల దూరంలో ఉంది. మామూలు కంటికి ఆనదు కానీ మంచి బైనాక్యులర్‌కు దొరుకుతుంది. పరాయి గ్రహం, అంటే సూర్యుడి చుట్టూ కాక వేరే నక్షత్రం చుట్టూ తిరిగే గ్రహం, ఇలా తన నక్షత్రం ముందు నుంచి దాటడాన్ని మనుషులు మొదటిసారి పట్టుకున్నది ఇక్కడే. ఖగోళ శాస్త్రవేత్తలు డేవిడ్ షార్బొనో, టిమ్ బ్రౌన్ వాళ్లు వాడిన టెలిస్కోపు కేవలం పది సెంటీమీటర్లది, అమెరికాలోని బౌల్డర్‌లో ఒక కార్ పార్కింగ్‌లో పెట్టుకున్నది. అదే ఏడాది గ్రెగ్ హెన్రీ బృందం కూడా విడిగా దీన్ని పట్టుకుంది. పెద్ద పరికరం లేదే అని దిగులుపడే ప్రతి ఒక్కరికీ నేను ఈ పార్కింగ్ సంగతే చెబుతాను.

ఇక ఈ రోజు పని. రెండో పాఠంలో గ్రాఫు కాగితం మీదకు ఎక్కించుకున్న లైట్ కర్వ్ (గంటలు గడిచేకొద్దీ నక్షత్రం వెలుగు ఎలా మారిందో చూపే గీత) తీయండి. 2000లో హబుల్ టెలిస్కోపు ఇదే నక్షత్రాన్ని చూసి కొలిచినది. పైన చదునుగా సాగుతూ వచ్చి, గబుక్కున దిగి, దాదాపు మూడు గంటలు కింద ఉండి, మళ్లీ ఎక్కుతుంది. ఆ గుంట లోతే మనకు కావాలి. స్కేలు పెట్టి అడుగు నుంచి చదునుగీత దాకా కొలిస్తే సుమారు 1.6 శాతం వస్తుంది.

ఈ లోతుకు అర్థమేమిటో వంటింట్లోనే చూడొచ్చు. 22 సెంటీమీటర్ల అన్నం పళ్లెం బోర్లించి, మధ్యలో పది రూపాయల బిళ్ళ పెట్టండి. బిళ్ళ అడ్డం 27 మిల్లీమీటర్లు, అంటే పళ్లెం అడ్డంలో ఎనిమిదో వంతు. కానీ అది కప్పిన జాగా ఎనిమిదో వంతు కాదు, దాని వర్గం, అంటే ఒకటిన్నర శాతం. పళ్లెం నక్షత్రం, బిళ్ళ గ్రహం. మన ఉదాహరణ దాదాపు అచ్చం ఇదే కొలత. ఇదే పళ్లెం సూర్యుడైతే భూమి రెండు మిల్లీమీటర్లు, ఒక ఆవగింజ. అది కప్పేది 0.0084 శాతం. భూమిలాంటి గ్రహాల వేటకు అంతరిక్షంలోకి ఎందుకు వెళ్లాల్సి వచ్చిందో ఆ ఆవగింజను ఒకసారి చూస్తే అర్థమైపోతుంది.

కాబట్టి లెక్క తిరగేయాలి. లోతుకు వర్గమూలం తీస్తే గ్రహం వ్యాసార్థానికీ నక్షత్రం వ్యాసార్థానికీ ఉన్న నిష్పత్తి వస్తుంది. శాతాన్ని ముందు దశాంశంగా మార్చుకోండి: 1.6 శాతం అంటే 0.016. దాని వర్గమూలం 0.1265. మొదటిసారి నేను ఈ మార్చడం మరిచిపోయి 1.6కే వర్గమూలం తీశాను. 1.26 వచ్చింది. గ్రహం తన నక్షత్రం కంటే పెద్దదని తేలింది! పావుగంట సేపు గొప్ప ఆవిష్కరణ చేశానన్న భ్రమలో కూర్చున్నాను.

నక్షత్రం వ్యాసార్థం సూర్యుడికి 1.15 రెట్లు అనుకుందాం. సూర్యుడి వ్యాసార్థం 6,96,000 కిలోమీటర్లు, గురుడిది 71,500. అంటే సూర్యుడు గురుడికి 9.73 రెట్లు. మూడూ గుణించండి: 0.1265 × 1.15 × 9.73. గురుడికి 1.42 రెట్లు.

అచ్చయిన విలువ 1.35. తేడా ఎక్కడ వచ్చింది?

గుంట అడుగును మళ్లీ చూడండి, ఈసారి కాస్త దగ్గరగా. అది చదునుగా లేదు. గిన్నె అడుగులా మధ్యలో దిగి, రెండు పక్కలా కొంచెం లేచి ఉంది. కారణం నక్షత్రం ముఖమే. మధ్యలో ప్రకాశం ఎక్కువ, అంచుల్లో తక్కువ. సూర్యుడి ఫొటోలోనూ ఈ అంచు మసక కనిపిస్తుంది. నక్షత్రం నడుమన చూసినప్పుడు మన చూపు లోపలి వేడి పొరల దాకా దిగుతుంది, అంచున ఏటవాలుగా వెళ్లి పైనున్న చల్లటి పొరల దగ్గరే ఆగిపోతుంది. గ్రహం నడిమి భాగాన్ని కప్పినప్పుడు తన జాగాకు మించిన వెలుగును మింగుతుంది. అందుకే మనకు 1.6 కనిపించింది. ఆ మసకను లెక్కలోకి తీసుకుంటే అసలు నిష్పత్తి 0.121, దాని వర్గం 1.46 శాతమే. ఇప్పుడు గుణిస్తే 1.35 వస్తుంది. అంచు మసకకు సూత్రం తర్వాత ఇస్తాను. ప్రస్తుతానికి గిన్నె అడుగు కనబడితే మీ జవాబు కొన్ని శాతం ఎక్కువ వచ్చిందని గుర్తుంచుకుంటే చాలు.

ఇంతకంటే పెద్ద చిక్కు ఇంకొకటి ఉంది, నన్నడిగితే ఈ పాఠం మొత్తంలో అసలు విషయం అదే. 1.15 అనే అంకెను మనం కొలవలేదు, తెచ్చిపెట్టుకున్నాం. షార్బొనో బృందం మొదటి పత్రంలో నక్షత్రాన్ని సూర్యుడికి 1.1 రెట్లుగా తీసుకుంటే గ్రహం గురుడికి 1.27 రెట్లు వచ్చింది. హబుల్ కొలతల తర్వాత నక్షత్రం 1.15కు చేరింది, గ్రహం 1.35 అయింది. గ్రహం పెరగలేదు, నక్షత్రం గురించి మన అంచనా మారింది. గుంట ఎప్పుడూ నిష్పత్తినే చెబుతుంది. అందుకే ఏదైనా కొత్త గ్రహం సైజు చదివినప్పుడు నేను ముందు నక్షత్రం వ్యాసార్థం ఎంతగా తీసుకున్నారో చూస్తాను.

దూరం లెక్క తేలిక. కెప్లర్ మూడో నియమం: కాలాన్ని సంవత్సరాల్లో రాసి వర్గం చేసి, నక్షత్రం ద్రవ్యరాశితో గుణించి, ఘనమూలం తీయాలి. 3.5247 రోజులంటే 0.00965 సంవత్సరం. నక్షత్రం ద్రవ్యరాశి సూర్యుడికి 1.1 రెట్లు. ఘనమూలం 0.047, అంటే భూమికీ సూర్యుడికీ ఉన్న దూరంలో ఇరవయ్యో వంతు కూడా కాదు, సుమారు 70 లక్షల కిలోమీటర్లు. మన బుధుడు సూర్యుడికి సగటున 5 కోట్ల 80 లక్షల కిలోమీటర్ల దూరంలో ఉన్నాడు. ఈ గ్రహం సెగలో కూర్చుని ఉబ్బిపోయింది. ఊగడం నుంచి తెలిసిన దాని ద్రవ్యరాశి గురుడిలో 0.69 వంతే, ఘనపరిమాణం చూస్తే రెండున్నర రెట్లు. సాంద్రత నీటిలో సగం కూడా లేదు.

ఒక జాగ్రత్త: సైజు గురుడంత వచ్చిందని దాన్ని గ్రహం అనేయకండి. చాలా చిన్న నక్షత్రాలూ దాదాపు అంతే ఉంటాయి. తూకం వేయనిదే తేలదు.

ఇంటిపని. హెచ్‌డీ 189733 అనే మరో నక్షత్రం. గుంట లోతు (అంచు మసక తీసేశాక) 2.4 శాతం, కక్ష్యాకాలం 2.22 రోజులు, నక్షత్రం వ్యాసార్థం సూర్యుడిలో 0.77 వంతు, ద్రవ్యరాశి 0.8 వంతు. గ్రహం వ్యాసార్థం, కక్ష్య దూరం కనుక్కోండి. పెన్ను పట్టకముందే ఒక మాట పక్కన రాసి పెట్టుకోండి: ఈ గుంట ఇంకా లోతుగా ఉంది కదా, మరి ఇక్కడి గ్రహం 209458 గ్రహం కంటే పెద్దదా, చిన్నదా?