సొంత భాష కడదాం – 4: ఏ గుర్తు పట్టు ఎంత?

మన సొంత ప్రోగ్రామింగ్ భాష కోసం కిందటి భాగంలో రాసిన లెక్సర్‌కి (రాతను ముక్కలుగా విడగొట్టే ప్రోగ్రాము) ‘2 + 3 * 4’ ఇస్తే అయిదు టోకెన్లు, అంటే ముక్కలు, వరసగా వస్తున్నాయి. ఇప్పుడు ఆ వరసను, ఏ లెక్క ముందో చూపే చెట్టుగా మార్చాలి. చిక్కంతా మధ్యనున్న 3 దగ్గరే. ఎడమనుంచి కూడిక, కుడినుంచి గుణకారం దాన్ని చెరోవైపూ లాగుతున్నాయి.

ప్రాధాన్య స్థాయికొక ఫంక్షన్ రాయడం ఒక పద్ధతి. పది స్థాయిలుంటే ఒక్క అంకె చదవడానికి పది మెట్లు దిగాలి, నాకది విసుగు. 1973లో కంప్యూటర్ శాస్త్రవేత్త వాన్ ప్రాట్ చూపిన దారి పొట్టిది. ప్రతి గుర్తుకూ ఒక అంకె ఇస్తాం, దాన్ని ‘పట్టు’ అనుకుందాం. +, - లకు 10. *, / లకు 20. ఘాతం ^ కి 30. ఇన్‌పుట్ ముగింపుకి 0. అంకెల మధ్య ఎడం కావాలనే ఉంచాను, ఎందుకో చివర్లో తెలుస్తుంది.

చదువు(కనీసం):
  ఎడమ = తర్వాతి అంకె
  ఎదురుగా ఉన్న గుర్తు పట్టు >= కనీసం అయినంతసేపు:
    గుర్తును తీసుకో
    కుడి = చదువు(గుర్తు పట్టు + 1)
    ఎడమ = కొమ్మ(గుర్తు, ఎడమ, కుడి)
  ఎడమను తిరిగివ్వు

అంతే పార్సర్ (టోకెన్లను చెట్టుగా మార్చే ప్రోగ్రాము)! చదువు(1)తో మొదలుపెట్టండి. 2 చదివింది, + కనబడింది, చదువు(11)ని పిలిచింది. అది 3 చదివి చూస్తే ఎదురుగా *. దాని పట్టు 20, 11 కన్నా ఎక్కువ. కాబట్టి 3 గుణకారానిదే. జవాబు 14.

ఆ ‘+ 1’ని తేలిగ్గా తీసుకోకండి. ‘10 - 4 - 3’లో 4 తర్వాత రెండో తీసివేత పట్టు 10, కావలసింది 11; లోపలి పిలుపు ఆగిపోతుంది, జవాబు 3. ఒకటి కలపడం మరిచారా, 10 - (4 - 3) అయి 9 వస్తుంది. ఘాతానికి మాత్రం కలపకూడదు: 2 ^ 3 ^ 2 అంటే 512 కావాలి, 64 కాదు.

ఈ పట్టిక వేసేటప్పుడు తొందరపడొద్దు, తర్వాత మార్చలేరు. సీ భాషలో & (బిట్ల వారీ ‘మరియు’) పట్టు == (సమానమా అని చూసే గుర్తు) కన్నా తక్కువ. అందుకే ‘క & 1 == 0’ని అది క & (1 == 0)గా చదువుతుంది, ఫలితం ఎప్పుడూ సున్నాయే. షరతులను కలిపే && ని తర్వాత చేర్చారు; అప్పటికే రాసిన ప్రోగ్రాములు చెడకూడదని & ని పాత చోటే వదిలేశారు. స్మాల్‌టాక్ భాష అసలు పట్టికే వద్దనుకుంది. అక్కడ మన 2 + 3 * 4 విలువ 20.

అభ్యాసం: అంకె ముందు వచ్చే రుణ గుర్తును చేర్చండి. ‘ఎడమ’ చదివేచోట - కనబడితే చదువు(25)ని పిలవండి, తర్వాత 25 బదులు 40 పెట్టి చూడండి. -2 ^ 2 మొదటిసారి -4, రెండోసారి 4 వస్తుంది. ఘాతానికి ** వాడే భాషల్లో దీన్నే -2 ** 2 అని రాస్తే, పైథాన్ -4 అంటుంది. జావాస్క్రిప్ట్ కుండలీకరణాలు లేకుండా ఒప్పుకోదు. మీ భాషకు ఏది కావాలో తేల్చుకుని రండి, వచ్చే భాగంలో కుండలీకరణాలు.